ఎండల సూద్దాం

కొత్తవాడలో జంపఖానాలు అమ్మే పెద్దమ్మ షాపులోని లైట్లను ఎన్నడూ నమ్మలేదు. మనకేది నచ్చినా ఒక కొస మన చేతికిచ్చి, రెండోది తను పట్టుకుని, "దా బిడ్డా, ఎండల సూద్దాం" అంటూ గడప దాకా నడిపించేది. రంగు చూడటం క్షణంలో అయ్యేది, ఇంటి ముచ్చట్లు మాత్రం తెగేవి కావు.

పగలు లైట్లు వేసే పని లేకుండా ఆ రేకుల కప్పులో వెలుతురు దిగే పారదర్శక పలకలు పెట్టించింది, ఏళ్లుగా ఆమె దగ్గర కొనే నేనే. అయినా ఆమె అలవాటు మానలేదు.

"వెలుగు లోపలికే వచ్చింది గదా పెద్దమ్మా, ఇంకా బయటికెందుకు?" అన్నాను.

"వచ్చింది బిడ్డా. గడప కాడికి పోకుంటే ముచ్చట ఏడ పెట్టుకుంటం?"

ఆమె పోయాక, మొన్ననే మళ్లీ ఆ షాపుకి వెళ్లాను. జంపఖానా ఎరుపు లోపలే తేటగా కనబడుతోంది. అయినా ఒక కొస పట్టుకుని గడప వైపు నడిచాను. రెండో కొస నా వెనకాల నేల మీద ఈడ్చుకుంటూ వచ్చింది.