రైలును మాటల్లో పెట్టే మూర్తిగారు

శ్రీనివాసమూర్తిగారికి రైలు కదలడమంటే గిట్టదు. ఆగిన రైలంటేనే ప్రాణం. పొద్దున్నే కోరమండల్ స్టేషన్లో బెంగళూరు బండి ఆగీ ఆగకముందే మఫ్లరు బిగించుకుని చిట్టచివరి పెట్టె దగ్గరికి పోయి, గార్డు మునిశామప్పను మాటల్లో పెట్టేవారు. ఆ మాటలు తెమిలితేగాని పచ్చజెండా లేచేది కాదు. ఇంతా చేసి ఆయన రైలెక్కేవారా అంటే, అదీ లేదు. వాకింగుకు వచ్చిన మనిషి!

ఊళ్లో బంగారు గనులు నడిచినంతకాలం ఆయన టైమాఫీసు గుమాస్తా. ఎవరైనా ఆలస్యంగా వస్తే కళ్లద్దాల మీదుగా ఒక చూపు చూసేవారు. ఆ చూపుకంటే గనిలోకి దిగడమే మేలనేవాళ్లు కార్మికులు. గనులు మూతపడ్డాక ఊరు ఊరంతా బతుకుతెరువుకు బెంగళూరు రైలు పట్టుకుంది. మూర్తిగారు మాత్రం ఆ రైలు చరిత్ర పట్టుకున్నారు.

"ఏమప్పా మునిశామప్పా, ఈ స్టేషన్లో మొట్టమొదట దిగింది ఎవరో తెలుసునా?"

"ఎవరో దొర అయివుంటాడు సార్."

"అక్కడే తప్పు చేసినావు! దొర కాదు, బాయిలరు. బాయిలరు దిగినాకనే దొరకు దిగేదానికి జాగా దొరికింది."

మర్నాడు మళ్లీ అదే ప్రశ్న. మునిశామప్ప హుషారుగా "బాయిలరు సార్" అన్నాడు.

"నీకెవరు చెప్పినారు బాయిలరని? దొరసాని పియానో! దించేటప్పుడు కాలు విరిగింది."

"అయ్యో, ఎవరిది సార్?"

"పియానోది!"

ఆ తర్వాత ఒకనాడు ఇంగ్లండు ఆవు దిగింది. చరిత్ర అయిపోయిన రోజున సౌకర్యాల మీద పడేవారు. ప్లాట్‌ఫారం ఒక్కటే ఎందుకు? రెండోది వేస్తే వద్దన్నదెవరు? "నన్నడిగితే ఏం లాభం సార్, నాది జెండా డ్యూటీ" అని మునిశామప్ప దణ్ణం పెట్టేవాడు. పెట్టెల్లోంచి జనం తలలు బయటపెట్టి కేకలేసేవాళ్లు. తమిళంలో, కన్నడంలో, తెలుగులో వచ్చి పడే ఆ తిట్లన్నిటినీ మూర్తిగారు పెళ్లిలో అక్షింతల్లా తలవంచి స్వీకరించేవారు.

అందరికంటే ఎక్కువ మండేది రంజనికి. ఆమెకు బెంగళూరులో ఇన్సూరెన్సు ఆఫీసులో ఉద్యోగం. గార్డు పక్కనే ఉండే ఆడవాళ్ల పెట్టెలో ఎక్కుతుంది కాబట్టి చరిత్ర మొత్తం ఆమె చెవిలోనే పడేది. ఒకరోజు ఉండబట్టలేక కిటికీలోంచి అడిగేసింది.

"మూర్తి సార్, మీ పుణ్యమా అని మా మేనేజరు దినామూ నాకు గడియారం చూపిస్తా ఉండాడు. ఏమని చెప్పేది ఆయనకు?"

"లేటయిందని చెప్పద్దమ్మా. హిస్టరీ అయిందని చెప్పు."

రంజని ఆ మాటే చెప్పింది. మేనేజరు నవ్వలేదు.

ఇలా ఉండగా ఒక సోమవారం మూర్తిగారు స్టేషనుకు రాలేదు. స్నానాల గదిలో జారి మడమ బెణికిందట. మునిశామప్ప ఒంటరిగా అటూ ఇటూ చూశాడు, వాచీ చూసుకున్నాడు, తల గోక్కున్నాడు. అడిగేవాళ్లు లేరు, ఆగడానికి కారణం లేదు. విజిలేశాడు. బండి టైముకు కదిలేసరికి పెట్టెల్లో చప్పట్లు మోగాయి. రంజని కూడా కొట్టింది.

చప్పట్లు ముగియకముందే ఆమెకు తలుపులోంచి మట్టిదారి మీద పరుగెత్తి వస్తున్న మనిషి కనిపించింది. నేత్రావతి! దినామూ అందరికంటే చివర్న ఎగశ్వాసతో ఎక్కి, తలుపు పక్కన కింద కూర్చునే పక్క పల్లె ఆడమనిషి. చెప్పులు చేతిలో, అన్నం సంచి చంకలో. ప్లాట్‌ఫారం చివరిదాకా వచ్చి నిలబడిపోయింది. రైలును చూస్తూ చెప్పులు కింద పడేసి, మెల్లగా కాళ్లకు తొడుక్కుంది. ఆ తొడుక్కోవడం చూసి రంజని చెయ్యి చప్పట్ల మధ్యలో ఆగిపోయింది.

ఆ సాయంత్రం రంజని స్టేషన్లో దిగి నేరుగా గని క్వార్టర్సులో మూర్తిగారింటికి పోయింది. ఆయన భార్య కుముదమ్మ తలుపు తీసిందో లేదో, లోపల మంచం మీదనుంచి కేక వినబడింది.

"రంజనీ, ఆ పాల పిల్ల, నేత్రావతి, ఎక్కిందా?"

"లేదు సార్."

మూర్తిగారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. కుముదమ్మ కాఫీ అందిస్తూ చెప్పింది. "పొద్దుననుంచీ ఇదే పాట. ఆ పిల్లకు మొగుడు లేడు. ఆవుల పాలు పితికి, డెయిరీ తెరిచినాక పోసి, అట్నే పరుగు. బెంగళూరులో గార్మెంట్సు పని. ఇంగొక్కతూరి లేటయితే గేటు కాడనే వెనక్కి పంపేస్తామన్నారంట. డెయిరీ ముందు తెరవదు, రైలు వెనక రాదు. ఈయన మధ్యలో నిలబడినారు."

"మాకు చెప్పుంటే మేమే అర్థం చేసుకుంటాము గదా సార్!" అంది రంజని.

"చేసుకుంటారు తల్లీ. మొదటి దినం అయ్యో పాపం అంటారు. వారం పోతే, ఈమె వల్లనే మాకు లేటు అంటారు. ఆ పిల్ల తల వంచుకుని ఎక్కాల. అదే నన్ను తిట్టినారనుకో, నా పెన్షన్ ఏమన్నా తగ్గుతాదా?"



మర్నాడు బండి ఆగగానే రంజని పెట్టె దిగి మునిశామప్ప ముందు నిలబడింది. మట్టిదారి ఖాళీగా ఉంది. ఏం అడగాలో తోచలేదు.

"గార్డు సార్, ఈ స్టేషన్లో... మొట్టమొదట ఏం దిగింది?"

మునిశామప్ప ఆమెను ఎగాదిగా చూశాడు. అతని మొహం విచ్చుకుంది. "మంచి ప్రశ్న వేసినావు తల్లీ. పియానో గదా?"

"బాయిలరు సార్!"

కిటికీలోంచి ఎవరో అరిచారు. "ఇంగ్లండు ఆవు! నేను నా చెవులారా విన్నాను!"

"ఆవు తర్వాత వచ్చిందప్పా, పియానోనే ముందు!"

"ఆవు లేకుంటే దొరసానికి కాఫీ యాడిది? కాఫీ లేకుంటే పియానో యాడ వాయిస్తాది?"

చూస్తూండగానే రైలు రెండు పక్షాలైంది. నిన్నటిదాకా మూర్తిగారిని తిట్టినవాళ్లే ఆయన చెప్పిన చరిత్ర కోసం కిటికీలు గుద్దుతున్నారు. బాయిలరు పక్షం గెలిచే వేళకు నేత్రావతి రొప్పుతూ వచ్చి పెట్టెలో ఎక్కింది.

"చాలమ్మా, బాయిలరే," అని మునిశామప్ప జెండా అందుకున్నాడు. "ఎక్కు, ఆయమ్మ ఎక్కేసింది."

రంజని నోరు తెరిచింది. "మీకు తెలుసునా సార్?"

"ఒక కన్ను జెండా మీద, ఒక కన్ను డెయిరీ దావ మీద పెట్టుకోకుంటే ఇన్నాళ్లు ఎట్లా ఈడిస్తిమి? ఊరికే నిలబెడితే నన్నడుగుతారు. ప్యాసింజరు ఏమన్నా అడిగితే జవాబు చెప్పాల గదా!"

మడమ నయమై మూర్తిగారు మళ్లీ మఫ్లరుతో వచ్చిన రోజున నేత్రావతి ఎక్కబోతూ ఆగి, ఆయన మీదికే వచ్చింది.

"సామీ, పెద్దోళ్లని ఇన్నాళ్లు ఊరకుంటిని. నేను ఉరుకులు పరుగుల మీద టైముకు వస్తాను. ఆ ఒక్క సోమవారం బండే ముందు పోయింది. మీ వాగుడు వల్ల బండి యాలస్యమైతే మా గేటు కాడ మాట పడేది నేను. కొంచెం తగ్గించండి సామీ!"

రంజనికి ఒళ్లు మండింది. నిజం చెప్పేయాలని నోరు తెరిచింది. మూర్తిగారు ఆమెవైపు కళ్లద్దాల మీదుగా టైమాఫీసు చూపు ఒకటి చూశారు. రంజని నోరు మూతపడింది.

"తప్పేనమ్మా," అన్నారు ఆయన, ఎంతో సంతోషంగా. "ముసలితనం. నువ్వు కూర్చో పో."