లాభంతో మొదలైన బాణీ

నా చిన్నప్పుడు, ఎనభైల్లో, మా నూజివీడు మామిడి తోటల్లో కాయలు కోసే రోజులొచ్చాయంటే మా మావయ్య మద్రాసు నుంచి దిగేవాడు. నాటకాలకు హార్మోనియం వాయిస్తూ మొదలై, మద్రాసులో ఏళ్ల తరబడి ఒకరి దగ్గర సహాయకుడిగా ఉండి, చివరికి నాలుగైదు సినిమాలకు సొంతంగా సంగీతం చేసినవాడు. ఆ సినిమాలు ఆడలేదు కానీ పాటలు మాత్రం మావైపు పెళ్లిళ్ల మైకుల్లో మోగుతూనే ఉండేవి. ఆ ఏడాది ఆయనకు మొదటి టీవీ సీరియల్ వచ్చింది. టైటిల్ పాటకు కట్టిన బాణీలు మూడూ వెనక్కొచ్చాయి. నాలుగోది కూడా నచ్చకపోతే ఇంకొకరికి ఇచ్చేస్తామన్నారట. ఇంట్లో అందరం గొంతు తగ్గించి మాట్లాడుకునేవాళ్లం.

నాకప్పుడు పదేళ్లు. మావయ్య మెప్పు కోసం ఏమైనా చేసే రకాన్ని. ఒక పొద్దున ఆయన హార్మోనియం ముందు తల పట్టుకుని కూర్చుంటే, వెళ్లి ఒక కూనిరాగం తీశాను. నేనే కట్టానని చెప్పాను. నిజానికి అది మా తోటలో పనికొచ్చి కాయలు లెక్కపెట్టే మామ్మది. గంపల్లోకి కాయలు వేస్తూ ఆవిడ అంకెల్ని పాటలా పాడేది. రోజూ విని విని నాకు పట్టుబడింది.

మావయ్య రెండుసార్లు పాడించుకున్నాడు. "బాగుందే. మొదట్లో అంత సాగి, తర్వాత గబగబా పరిగెడుతుందేంటి?" అన్నాడు. ఏమో అన్నాను. ఆయన పెరిగింది కూడా ఈ తోటల్లోనేనని నా బుర్రకు తట్టలేదు. మావైపు కాయలు లెక్కపెట్టేటప్పుడు ఒకటి అనరు, లాభం అంటారు. ఆ మంచిమాటను తీరిగ్గా సాగదీసి, అప్పుడు రెండులోకి వెళతారు. నా దొంగతనం అక్కడే దొరికిపోయింది. ఆయన మాత్రం చెప్పులేసుకుని, తోటకు వెళ్దాం పద అన్నాడు.

తోటలో మామ్మ గడ్డి పరిచిన చోట కాయల కుప్ప ముందు ఉంది. మావయ్య ఆవిడకు ఎదురుగా ఆ గడ్డిలోనే కూర్చుని, బాణీ పాడి, "ఇది ఎవరిదమ్మా?" అని అడిగాడు. మామ్మ నా మొహంలోకి చూసింది. చూసి, కాయలు సర్దుకుంటూ, "అమ్మాయిగారిదేనండి. తను పాడుతుంటే నేను పట్టుకున్నా" అంది.

కొట్టినా నాకు అంత ఏడుపు వచ్చేది కాదు. కాదు మావయ్యా, మామ్మదే అంటూ ఆవిడ సొన మరకల చీరలో మొహం దాచుకున్నాను. మావయ్య నన్ను ఓదార్చలేదు, కోప్పడనూ లేదు. జేబులోంచి చిన్న పుస్తకం తీసి, "ఈ బాణీ నేను వాడుకోవచ్చా అమ్మా? మీ పేరు ఇంటిపేరుతో సహా చెప్పండి" అన్నాడు. ఆవిడకు ఒక పేరుంటుందని నేను అంతవరకూ ఆలోచించనే లేదు. "నా లెక్కతో మీకేం పని బాబుగారూ" అని నవ్వి, చెప్పింది.

ఆ బాణీ నిలిచింది. మావయ్యకు తర్వాత ఎన్నో సీరియళ్లు వచ్చాయి. ఈ మొదటిది టీవీలో వేసే రోజున మా ఇల్లు జనంతో నిండిపోయింది. గుమ్మం దగ్గరే ఆగిపోయిన మామ్మను మావయ్య చెయ్యి పట్టుకుని తెచ్చి ముందు కూర్చోబెట్టాడు. పాట మొదలైంది. లాభం ఉండాల్సిన చోట వేరే మాట, సాగదీత మాత్రం అదే. సంగీతం అని మావయ్య పేరు పడింది. దాని కిందే, అంతే పెద్ద అక్షరాల్లో, బాణీ అని ఇంకో పేరు. మామ్మకు చదువు రాదు. "ఏం రాశారమ్మా?" అంది నాతో.

లేచి నిలబడి, ఇంటిపేరుతో సహా గట్టిగా చదివాను. "ఇంకోసారి చదువమ్మా" అంది.

ఇప్పుడు నేను పిల్లలకు సంగీతం చెబుతున్నాను. ఏ పాటైనా కట్టినవాళ్ల పేరు చెప్పందే మొదలుపెట్టను. ఆ పేర్లతో మాకేం పని అని పిల్లలు విసుక్కుంటారు. ఇంకోసారి చదవమని మామ్మ అడిగింది కదా, చదువుతూనే ఉన్నాను.