రొయ్యలు పడని అల్లుడి టీకా

కరోనా టీకాల వేసవి, మంగళవారం ఉదయం. హాజరైనవారు: నేను, మా ఆవిడ, ఆటోనగర్‌లో స్పేర్ పార్టుల కొట్టున్న మా బావమరిది.

ఆ రోజుల్లో ఎవరి ఒంటి మీదైనా అందరికీ హక్కుండేది. నాకు రొయ్యలు పడవు. కొత్తల్లుడిగా పామర్రులో అత్తారింట తిన్న మొదటి విందుకే మొహం బూరెలా ఉబ్బి, ఊపిరి అందక ఆసుపత్రిలో తేలాను. అయినా బావమరిది నమ్మలేదు. "కృష్ణా జిల్లావాడికి రొయ్య పడకపోవడమేంటండీ, బెట్టు కాకపోతే!" అని ప్రతి విందులోనూ నా విస్తరి ముందు నిలబడి అనేవాడు. అలాంటివాడు ఆ ఉదయం మా గుమ్మానికి అడ్డం నిలబడ్డాడు.

"మీకు ఎలర్జీ బావగారూ! టీకా వికటిస్తే మా అక్క గతేంటి?"

"ఇన్నాళ్లూ బెట్టన్నావుగా?"

"అది వేరు, ఇది వేరు. పోనీ వెళ్తే వెళ్లండి, రొయ్యల సంగతి మాత్రం ఎత్తకండి. తిప్పి పంపేస్తారు."

మా ఆవిడకు ఉబ్బసం. కరోనా సోకితే తట్టుకోలేదు. ఆవిడేమో, "మీరు వేయించుకుంటేనే నేనూ," అని కూర్చుంది. ఇక నాకు పట్టుదల వచ్చింది. "వెళ్తాను, చెప్తాను, వేయించుకుంటాను!" అన్నాను. (భయం లేక కాదు. ఎడమ చెప్పు కుడికాలికి తొడుక్కున్నాను.)

ముగ్గురం మునిసిపల్ స్కూలుకి వెళ్లాం. అక్కడ టీకాలు వేయిస్తున్న డాక్టరమ్మకు పామర్రు విందంతా వర్ణించాను. "కూర సంగతి వద్దులెండి. ఇంజెక్షన్లు గానీ, టీకాలు గానీ ఎప్పుడైనా వికటించాయా?" అంది. లేదన్నాను. "అయితే రొయ్యలు దీనికి అడ్డం కాదు. ముందే చెప్పి మంచిపని చేశారు. వేశాక అరగంట నా ఎదురుగా కూర్చోండి. ఆయాసమొచ్చినా, దద్దుర్లొచ్చినా వెంటనే చెప్పండి, మందు దగ్గరే ఉంది."

ఆ అరగంటా బావమరిది పేపరుతో విసురుతూ, "మొహం ఉబ్బుతోందా?" అని అడుగుతూనే ఉన్నాడు. "నీ ప్రశ్నలకి బుర్ర ఉబ్బుతోందిరా!" అన్నాను. మా ఆవిడ పమిట నోటికడ్డం పెట్టుకుని నవ్వి, లేచి వెళ్లి తనూ వేయించుకుంది.

మర్నాడు ఉదయం మా ఇద్దరికీ చెయ్యి నొప్పి తప్ప ఏమీ లేదు. బావమరిది తెల్లవారగానే వచ్చి, "నాకూ వేయించండి, తోడు రండి," అన్నాడు. తీరా డాక్టరమ్మ ముందు, "నాకూ రొయ్యలు పడవండీ," అనేశాడు! "ఈయనకి రొయ్యలు బ్రహ్మాండంగా పడతాయమ్మా, సూదే పడదు," అని నేను చెప్పక తప్పలేదు. ఆవిడ నవ్వి, అయినా తన ఎదుటి కుర్చీయే ఇచ్చింది. కళ్లు గట్టిగా మూసుకుని నా చెయ్యి పట్టుకున్న అతన్ని చూస్తూ, పెళ్లినాటి నుంచి దాచుకున్న కోపం కోసం లోపలంతా వెతికాను. దొరకలేదు. ముసలివాణ్ణయ్యాను గదా!