చిన్నాయన ముఖం

మొన్న మంగళవారం పొద్దున బుక్కరాయసముద్రంలో టీ తాగుతుంటే మా చిన్నమ్మ ఫోన్ చేసింది. "మీ చిన్నాయన పోయినాడు నాయనా" అంది. చిన్నాయనే ఫోను లాక్కొని, "అవునురా, పోయినా. నువ్వెప్పుడొస్తాండావు?" అంటాడనుకున్నాను. ఆయన అట్లాంటివాడే. ఈసారి చిన్నమ్మ ఏడుపే వినిపించింది.

కదిరి పక్క పల్లెల్లో నాటకాలాడేటప్పుడు, రాజు వేషం మార్చుకునేదాకా జనాన్ని కూర్చోబెట్టే పని ఆయనది. స్టేజీ మీద కుర్చీ వేసుకుని వేరుశనగ కాయలు ఒలిచేవాడు, అంతే. లోపల గింజ లేకపోతే తొంగి చూసి, కాయను మళ్లీ మూసి జేబులో పెట్టుకునేవాడు. ముఖంలో ఒక్క నరం కదిలేది కాదు. జనం కడుపు పట్టుకుని నవ్వేవాళ్లు. నువ్వెందుకు నవ్వవని అడిగితే, "నవ్వేది వాళ్ల పనిరా. ఇద్దరమూ ఒకే పని చేస్తే ఎట్ల?" అనేవాడు. వానల్లేని ఆ ఏళ్లలో మా ఇళ్లలో నవ్వు వినబడిందంటే ఆయన చలవే.

ఆ ముఖమే ఆయన్ని టీవీకి, అక్కణ్నుంచి సినిమాలకు తీసుకుపోయింది. బంట్రోతు, పెళ్లికొడుకు మేనమామ, శవం పక్కన కూర్చునేవాడు, అన్నీ ఒక్క సీను వేషాలే. ఒకసారి డైరెక్టరు చివర్లో కాస్త నవ్వమన్నాడట. "నవ్వితే ఇంకెవరో అనుకుంటారు సార్" అన్నాడట ఈయన. పోను పోను వేషాలు తగ్గాయి. గోరంట్ల దగ్గర మెట్ట చేనికి తిరిగొచ్చాడు. ఆ నేల సంగతి తెలిసి కూడా వచ్చాడు, నాకు అదే కోపం.

పోయినేడు వేరుశనగ పంట నిలువునా ఎండింది. నష్టం రాసుకోవడానికి ఆఫీసరు చేనికి వచ్చాడు. చిన్నాయన చెట్టు పీకి ఒక్కో కాయా విప్పి చూపించాడు.

"గింజ లేదు సార్. దీంట్లోనూ లేదు."

చుట్టూ ఉన్నవాళ్లకు నవ్వు ఆగలేదు. ఆఫీసరూ నవ్వాడు. "ఏమప్పా, నిన్ను టీవీలో చూసినా. భలే చేస్తావు" అంటూ ఫోనులో వీడియో తీసుకున్నాడు. "నీది మళ్లా రాసుకుంటాలే" అని పక్క చేనికి పోయాడు. ఆ తర్వాత వచ్చిన నష్టపరిహారం జాబితాలో అందరి పేర్లూ ఉన్నాయి, ఆయనది తప్ప.

ఇక చెప్పబోయేది ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు. ఆ వారం నేను ఊరికి పోతే, చిన్నాయన గోడ మీది అద్దం దించి ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. "రేపు ఆఫీసుకు పోవాల. ఏడిస్తే గానీ నమ్మేటట్లు లేరు. ఎట్ల ఏడ్చాలో చూపీరా, నాకు రాలేదు" అన్నాడు.

నేను ముఖం ముడిచి చూపించాను. ఆయనా ప్రయత్నించాడు. పెదవి ఒక పక్కకు పోయింది, తక్కిన ముఖమంతా ఎప్పటిలాగే ఉండిపోయింది. నాకు నవ్వొచ్చింది. ఆపుకోవాలని చూశాను, నా వల్ల కాలేదు.

చిన్నాయన నా నవ్వు అయిపోయేదాకా ఆగాడు, స్టేజీ మీద ఆగినట్టే. తర్వాత పంచె చెంగుతో అద్దం తుడిచి మేకుకు తగిలించాడు. మరునాడు ఆఫీసుకు పోలేదు.