రామలింగారెడ్డికి మిగిలిన ఒక్క మాట

1937లో, తొలకరి వానలు పడి కొర్ర విత్తే రోజుల్లో, కర్నూలులోని మా మిషను ఆసుపత్రి ముందు ఒక ఎద్దులబండి వచ్చి ఆగింది. అప్పటికి నేను నర్సునై ఆరేళ్ళు. బండిలో గడ్డి పరిచి, దుప్పటి కప్పి పడుకోబెట్టిన మనిషి పేరు రామలింగారెడ్డి. కోడుమూరు పక్క పల్లె రైతు. యాభై అయిదేళ్ళుంటాయి. గొర్రు వెంట నడుస్తూ విత్తనం వేయిస్తుండగా చేలోనే కూలబడ్డాడట. కుడి కాలు, కుడి చెయ్యి పడిపోయాయి. మూతి ఎడమ పక్కకు లాక్కుపోయింది. మాట లేదు.

ఇప్పుడు అందరూ దీన్ని స్ట్రోక్ అంటున్నారు. మా రోజుల్లో డాక్టర్లు అపొప్లెక్సీ అని రాసేవారు, ఊళ్ళలో పక్షవాతం అనేవారు. మెదడులో రక్తనాళం చిట్లినా, పూడుకుపోయినా వస్తుంది. ఒక పక్క పడిపోవడాన్ని హెమిప్లీజియా అంటారు. కుడి పక్క పడిపోయినవాళ్ళలో చాలామందికి మాట కూడా పోతుంది. దాని పేరు అఫేజియా. అఫేజియా అంటే నాలుక మొద్దుబారడం కాదు. నాలుక బాగానే ఉండవచ్చు, మనసులో ఉన్నదానికి తగిన మాట మాత్రం దొరకదు. ఒక్కోసారి ఏదో ఒక మాట తిరిగి వస్తుంది. అన్నిటికీ ఆ మాటే వస్తుంది.

ఇది నాకు అప్పుడే తెలుసు. తెలిసి కూడా జరిగింది కాబట్టే ఇన్నేళ్ళకూ ఈ కేసు నన్ను వదల్లేదు.

ఆ జబ్బుకు మా దగ్గర మందు లేదు. ఉన్నదల్లా నర్సింగే. రెండు గంటలకొకసారి రోగిని ఒక పక్క నుంచి ఇంకో పక్కకు తిప్పాలి. లేకపోతే నడుము కింద చర్మం నల్లబడి కుళ్ళుతుంది, బెడ్‌సోర్ అంటారు. పాదం కిందికి వేలాడిపోకుండా పలక ఆనించి ఉంచాలి. పలచని గంజి పోస్తే పొలమారి ఊపిరితిత్తుల్లోకి పోతుంది, అందుకని మెత్తని సంకటి కొద్దికొద్దిగా నాలుక ఎడమ పక్కన పెట్టాలి. పద్దెనిమిది రోజులు అలా చూశాం. ఆయన ఒక్క శబ్దం చేయలేదు గాని, పెట్టినంతా తిన్నాడు.

భార్య సుంకమ్మ వార్డు వెనక మూడు రాళ్ళు పెట్టుకుని వండుకునేది. సన్నటి మనిషి, నడుముకు చెంగు బిగించి ఎప్పుడూ ఏదో ఒక పని చేస్తూ ఉండేది. మా వాళ్ళు మాలపల్లెలో ఉండి కిరస్తానం పుచ్చుకున్నవాళ్ళు. ఆసుపత్రి కాబట్టి నేను ఆమె భర్తను తాకడం ఆమె ఓర్చుకుంది. నాతో మాట్లాడేటప్పుడు మాత్రం రెండు బారల దూరంలో నిలబడేది. నాకది కొత్త కాదు.

ఒకసారి ఆ దూరం నుంచే చెప్పింది: "ఆయప్ప ఒక మాటన్న్యాడంటే అంతే, నర్సమ్మా. ఊర్లో ఎవురూ ఎదురు చెప్పరు. ముప్పై ఏండ్లలో నేనూ ఒక్కనాడు కాదన్లేదు." ఆ చెప్పడంలో గర్వం ఉంది.

పంతొమ్మిదో రోజు ఇంటికి తీసుకుపోతామన్నారు. ఇంటివాళ్ళకు అన్నీ విడమరిచి చెప్పమని మా డాక్టరమ్మ నాకు పురమాయించింది. ముఖ్యంగా మాట సంగతి చెప్పమంది. నేను బండి దగ్గరికి పోయి, కొడుకు మద్దిలేటిరెడ్డికి తిప్పడం, తుడవడం, తినిపించడం అన్నీ చెప్పాను. చివర్లో, "మాట తిరిగి వస్తే తప్పుగా రావచ్చు" అన్నాను. అంతే. ఆ ఒక్క ముక్క. సుంకమ్మ బండికి అటు పక్కన నిలబడి ఉంది. నేను అటు పోలేదు. ఆమె రెండడుగులు వెనక్కి వేయడం మళ్ళీ చూడడం ఎందుకనుకున్నాను.

తరవాత నెలకే నన్ను కోడుమూరులోని మా చిన్న దవాఖానాకు పంపారు. అక్కడ చేరి కొద్ది రోజులయ్యాక ఒక పొద్దున మద్దిలేటిరెడ్డి వచ్చాడు. పాతికేళ్ళవాడు, మనిషి సగమైపోయి ఉన్నాడు.

"నర్సమ్మా, ఒక తూరి మా యింటికి రావల్ల. మా నాయన యేమీ తింటాలేడు. మాయమ్మకు చెప్పకుండా వచ్చినా."

"మాటేమన్నా వచ్చిందా అప్పా?"

"వచ్చినాది. ఇంటికి పోయినాక పది దినాలకే వచ్చినాది. మాయమ్మ టెంకాయ కొట్టింది, ఈదంతా బెల్లం పంచింది. ఆ ఒక్క మాటే అంటాడు."

"ఏ మాట?"

"వద్దు."

నాకు అక్కడికక్కడే అర్థమైంది. చేతిలో సంచి పట్టుకుని బయలుదేరాను.

పశువుల కొట్టం వైపు నుంచి నన్ను పడసాలలోకి తీసుకుపోయారు. మంచం మీద ఉన్నది రామలింగారెడ్డేనని గుర్తుపట్టడానికి క్షణం పట్టింది. దవడలు లోపలికి పోయాయి. పక్కటెముకలు లెక్కపెట్టవచ్చు. దుప్పటి తీసి తిప్పి చూస్తే నడుము కింద అరచేయంత పుండు. కండ లేని ఎముక మీద చర్మం నిలవదు.

సుంకమ్మ గోడకు ఆనుకుని నిలబడి ఉంది. "యేం జేసేది? ముద్ద నోటికాడికి తెచ్చినానంటే వద్దంటాడు. నీళ్ళూ వద్దంటాడు. పూటకింత మజ్జిగ పోస్తాండా, రెండోతూరి వద్దంటే ఆపేస్తాండా. ఆయప్పకు బతకల్లని లేదు. అది ఆయప్ప ఇష్టం. నేను కాదంటానా?"

నేను మంచం పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాను. "రెడ్డప్పా, మీ పేరు రామలింగారెడ్డేనా?"

"వద్దు."

"ఈమె సుంకమ్మే కదా?"

"వద్దు."

సంకటి తెమ్మని మద్దిలేటిరెడ్డికి చెప్పాను. చెంచాతో తీసి ఆయన నోటి దగ్గరికి తెచ్చాను. "వద్దు, వద్దు" అంటూనే ఉన్నాడు. అంటూనే మెడ చాచి, నోరు తెరిచాడు. ఎడమ చేత్తో నా మణికట్టు పట్టుకుని లాక్కున్నాడు. ఎముకలు మిగిలిన ఆ చేతికి అంత బలం ఎక్కడిదో. చెంచాను పళ్ళతో కరిచి పట్టుకున్నాడు. రెండో చెంచాకు ఆయన కళ్ళ నుంచి నీళ్ళు కారడం మొదలైంది. గిన్నె అయిపోయే దాకా "వద్దు" అనడం ఆగలేదు, తినడం ఆగలేదు.

సుంకమ్మ ఏడవలేదు. గోడ పక్కనే కింద కూర్చుంది. ఎవరితోనూ కానట్టుగా అంది: "పండగనాడు ఓళిగలు చేసి ఆయప్ప ముందర పెట్టినా. వద్దన్న్యాడు. ఎత్తుకొనిపోయి పశువులకు ఏసినా. ఆయప్ప చూస్తానే ఉండాడు." మళ్ళీ అంది: "మద్దిలేటి బలంతంగా నోట్లో పెట్టబోతే వాని చెయ్యి మింద కొట్టినా. మీ నాయన వద్దంటాంటే యినపడలేదా అని కొట్టినా."

అప్పుడు చెప్పాను, ఆసుపత్రిలో చెప్పాల్సినదంతా. ఆ మాట ఆయన అనుకుని అనేది కాదని, నోటికి అదొక్కటే దొరుకుతుందని. ఆమె అంతా విని, "ఇది ఆ పొద్దే చెప్పింటే?" అంది. కోపంగా కూడా అనలేదు.

అప్పటి నుంచి ప్రతి బుధవారం పోయేదాన్ని. సుంకమ్మ ఇంక దూరంగా నిలబడలేదు. పుండు కడగడానికి నేను ఆయన్ను పక్కకు తిప్పితే, ఆమె ఇటు నుంచి పట్టుకునేది. యూసాల్ అనే లోషనులో గుడ్డ తడిపి పుండులో కుక్కేవాళ్ళం. రోజుకు నాలుగుసార్లు తినిపించింది. కొంచెం కండ పట్టింది. ధాన్యం మూటలకు ఆనించి కూర్చోబెట్టాం. ఎడమ చేత్తో ముద్ద ఎత్తుకోవడం నేర్చుకున్నాడు. ఒకసారి కొడుకు భుజం పట్టుకుని ఎడమ కాలి మీద నిలబడ్డాడు కూడా. ఆ రోజు ఇంట్లో అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. బాగవుతాడేమో అనుకున్నాను.

కావాలంటే పిడికిలి బిగించమని, అక్కర్లేకపోతే వేళ్ళు చాపమని నేర్పాం. కొన్నాళ్ళు పని చేసింది. అఫేజియాలో ఒక్కోసారి ఎదుటివాళ్ళ మాటలు అర్థం చేసుకోవడం కూడా దెబ్బతింటుంది. అడిగింది ఆయనకు చేరిందో లేదో మాకు తెలిసేది కాదు. పిడికిలి బిగించి, ఇస్తే తోసేసేవాడు.

చలికాలం మొదలయ్యే వేళకు కొత్త సంగతి ఒకటి వచ్చింది. ఎండ వాలేటప్పటికి ఎడమ చెయ్యి గడప వైపు చాపి, "వద్దు, వద్దు, వద్దు" అని గొంతు చించుకునేవాడు. ఏదో కావాలి. ఏమిటది? ఎద్దులను తెచ్చి ముందు నిలబెట్టారు. మంచంతో సహా చేను గట్టుకు మోసుకుపోయారు. చేలోని మన్ను దోసిట పోశారు. పోట్లాడి ఏళ్ళ తరబడి ఆయనతో మాట్లాడని ఆయన అన్నను కాళ్ళు పట్టుకుని పిలుచుకొచ్చింది సుంకమ్మ. ఆ పెద్దాయన వచ్చి తమ్ముడి తల నిమిరి ఏడ్చాడు. ఈయన మొహం తిప్పుకుని మళ్ళీ గడప వైపే చెయ్యి చాపాడు. ఒకనాడు సుంకమ్మ చెంబూ, కర్రా, పంచా, ఇంట్లో ఉన్న ప్రతి వస్తువూ ఒకటొకటిగా తెచ్చి చూపించింది. చివరకు ఆయన ఎడమ చేత్తో ఆమె చెంప మీద కొట్టాడు. వెంటనే ఆ చేత్తోనే తన నుదురు కొట్టుకున్నాడు.

"ముప్పై ఏండ్లు నోరు తెరవకముందే ఆయప్పకు యేం కావల్లనో తెలుసుకుంటాంటి," అంది ఆమె నాతో. "ఇప్పుడు రోజూ చెప్తాండాడు. నాకు తెలుస్తాలేదు."

నాకూ తెలియలేదు. ఎవరికీ తెలియలేదు. ఈ రోజు దాకా తెలియదు.

పుండు పైకి మానుతున్నట్టు కనిపించి లోపల పాకింది. జ్వరం పట్టుకుంది. కర్నూలుకు తీసుకుపోదామంటే, బండి కుదుపులకు మధ్యలోనే పోతాడని డాక్టరమ్మ కబురు పంపింది. పుష్యమాసంలో ఒక పొద్దున నేను కట్టు మారుస్తుండగా శ్వాస మారింది. సుంకమ్మ తడిగుడ్డతో ఆయన పెదవులు తుడుస్తూ ఉంది. ఆయన ఎడమ చేత్తో ఆమె చెయ్యి పట్టుకున్నాడు. చాలాసేపు ఆమె మొహంలోకి చూసి, మెల్లగా ఒక్కసారి, "వద్దు" అన్నాడు. గంట లోపల పోయాడు.

పదిహేను రోజుల తరవాత సుంకమ్మ ఒంటరిగా నడిచి కోడుమూరు దవాఖానాకు వచ్చింది. కూర్చోమంటే కూర్చోలేదు.

"ఒకటి అడుగుతా, నిజం చెప్పు. ఆకర్న నా చెయ్యి పట్టుకొని వద్దన్న్యాడే. ఏడవొద్దనా? దగ్గరికి రావద్దనా? ఆకలితో మాడ్చినందుకు నా మొగమే వద్దనుకున్న్యాడా?"

ఆమెను ఆ భయం నుంచి తప్పించాలనుకున్నాను. నాకు తెలిసిన శాస్త్రమే చెప్పాను. "ఆ మాటకు అర్థం లేదమ్మా. మీకు చెప్పినాను కదా. ఆయన నోటికి అదొక్కటే వచ్చేది. మిమ్మల్నేమీ అనలేదు."

ఆమె నా మొహంలోకి చూస్తూ నిలబడింది.

"అంటే, పొయ్యేటప్పుడు నాతో యేమీ అన్లేదన్నమాట."

వరండాలో కట్ల కోసం పదిమంది కూర్చుని ఉన్నారు. ఆమె మెట్లు దిగింది. నేను లోపలికి పోయి చేతులు కడుక్కున్నాను.

ఆ తరవాత ఇరవై ఏళ్ళకు పైగా పని చేశాను. పక్షవాతం రోగిని ఇంటికి పంపే ప్రతిసారీ, ఆ ఇంట్లో అన్నం పెట్టే మనిషి ఎవరో కనుక్కుని, ఆమె ఎంత దూరంలో నిలబడినా నేనే దగ్గరికి పోయి, కూర్చోబెట్టి, మాట పోవడమంటే ఏమిటో చెప్పేదాన్ని. చెప్పింది తిరిగి ఆమె నోట చెప్పించుకునేదాన్ని. నా కింద నేర్చుకున్న నర్సులకూ అదే నేర్పాను. దానివల్ల కొన్ని ఇళ్ళలో కొందరు ఆకలితో మాడకుండా బయటపడ్డారు, అది నిజం.

సుంకమ్మకు ఏం చెప్పి ఉండాల్సిందో మాత్రం ఏ కేసూ నాకు నేర్పలేదు. ఏడవొద్దన్నాడని ఒక అబద్ధం చెప్పి ఉంటే బాగుండేదని కొన్ని రోజులు అనుకుంటాను. ముప్పై ఏళ్ళు ఆయన మాటనే నమ్మి బతికిన మనిషితో ఆయన మాటగా అబద్ధం చెప్పే హక్కు నాకెక్కడిదని ఇంకొన్ని రోజులు అనుకుంటాను. ఆమెను కాసేపు అక్కడే ఉండమని అడిగి, పక్కన కూర్చుని ఉండాల్సింది. అదొక్కటే గట్టిగా తెలుసు. అది కూడా ఆమె మెట్లు దిగి వెళ్ళిపోయాకే తెలిసింది.