నా బండి మీదనే స్టేషన్‌కు పోయినాడు

ఆదోనిలో ఒక పత్తి మిల్లులో నేను హమాలీల మేస్త్రీని. మా ముఠాలో ఎవరి మీద మాట వచ్చినా ముందు మేస్త్రీనే అడుగుతారు. మిల్లులో బేళ్లు పోయినప్పుడు పోలీసులూ అదే చేసినారు. అనుమానించిన మనిషికి నోటీసు పంపలేదు. నాకు ఫోన్ చేసి, "మీవాణ్ని తోలుకొని రా" అన్నారు.

అతను పెద్దకడుబూరు వైపు పల్లెవాడు. ఆ రోజు గోడౌన్ నుంచి ఆఖరున బయటికి వచ్చినాడు, అంతే. నా మోటార్ సైకిల్ వెనక కూర్చోబెట్టుకొని పోతుంటే అడిగినాడు:

"అన్నా, కొడతారా?"

"నేనుండాను గదప్పా. నా ముందర యాడ కొడతారు?"

నిజంగానే అట్లా నమ్మినాను. కానీ నన్ను బయట బెంచీ మీద కూర్చోబెట్టినారు. లోపలి నుంచి అతని అరుపు వినబడింది. సాయంత్రం కుంటుకుంటూ వచ్చి బండెక్కినాడు. మళ్లీ ఫోన్ వచ్చింది, మళ్లీ తీసుకుపోయినాను. ప్రతిసారీ "ఈ ఒక్కతూరికి రాప్పా" అనేవాణ్ని.

అతని భార్యది ఎమ్మిగనూరు. అక్కడి లాయరును పట్టుకొని మొగుని పేరు మీద హైకోర్టులో పిటిషన్ వేయించింది. నోటీసు లేకుండా పిలిచి కొడుతున్నారు, ఆపించండి అని. మేము పిలవనే లేదన్నారు పోలీసులు. పిలిచినట్టు కాగితం లేదు. ఎట్లా ఉంటుంది? కాగితం చేయవలసిన పని నేను చేసినాను కదా.

ఆమె మా ఇంటికి వచ్చింది.

"అప్పా, తోలుకపోయింది నువ్వే గదా. ఆ మాటొక్కటి కోర్టుకు రాసియ్యి."

"నాకు పిల్లోళ్లుండారమ్మా."

"నాకేమన్నా కుక్కపిల్లలుండాయా?"

రాసివ్వలేదు. పైగా, అతను నాతోపాటు ఏదో పని మీద స్టేషన్‌కు వచ్చినాడని పోలీసులు రాసుకుంటే సంతకం పెట్టినాను.

చట్టప్రకారమే నడుచుకుంటామని పోలీసుల తరఫు వకీలు చెప్పిన మాట నమోదు చేసి, కోర్టు పిటిషన్ ముగించింది. ఫోన్లు ఆగినాయి. "దొంగతనం చేసి, పైన దొంగ కేసు వేసినాడు" అన్న మాట మాత్రం అతని ఊర్లో ఆగలేదు. మిల్లు అతన్ని మళ్లీ రానివ్వలేదు. మార్కెట్ యార్డులో ఏ ముఠా చేర్చుకోలేదు.

మొన్న ఆదోని బస్టాండు దగ్గర కనబడినాడు. బండి ఆపినాను.

"ఎక్కప్పా, ఊర్లో దింపుతా. నువ్వు అబద్ధమాడలేదని అందరి ముందర చెప్తా."

వెనక సీటు వైపు చూసినాడు. "ఆ సీటు మీద నేను కూర్చోనన్నా. బస్సులో వస్తా. నువ్వు ముందుపోయి చెప్తా ఉండు."

పోయినాను. వాళ్ల ఊరి టీ అంగడి ముందర నలుగురు కూర్చొని ఉన్నారు. ఏం మేస్త్రీ, ఇట్ల వచ్చినావంటే, ఊరికే అన్నాను. బస్సు వచ్చినప్పుడు కూడా బండి మీదనే ఉన్నాను, టీ గ్లాసు పట్టుకొని. అతను దిగినాడు. వాళ్లను చూసినాడు, నన్ను చూసినాడు. ఇంటికి నడిచిపోయినాడు.

నోరు రాలేదు కాబట్టి రాస్తున్నాను. పిలిచింది పోలీసులు. తీసుకుపోయింది నేను. పిటిషన్‌లో అతను చెప్పిందంతా నిజం. అబద్ధం నేను సంతకం పెట్టిన కాగితంలో ఉంది.