నాలుగు గంటల ఫోను

మా వదినకు రెండు విద్యలు వచ్చు. ఒకటి బట్టలు కుట్టడం, రెండోది ఎదుటివాళ్ల గొంతు దించెయ్యడం. వీధి చివరి కొట్టులో స్కూలు పిల్లల చొక్కాలకు కాజాలు కుడుతూ మా ఇంట్లో అందరినీ అనుకరించేది. ఎక్కువగా చిక్కేది మా చెల్లెలే. "ఆపు వదినా, నాకు నేనే ఫోన్ చేసుకున్నట్టుంది" అని చెల్లెలు పడీపడీ నవ్వేది.

చెల్లెలు వేరే ఊళ్లో రైల్వే టికెట్ల కౌంటర్లో పనిచేసేది. రోజూ నాలుగింటికి, డ్యూటీ దిగగానే అమ్మకు ఫోన్ చేసేది. ఒకరోజు పనికి వెళ్తుంటే లారీ గుద్ది చనిపోయింది. అమ్మకు గుండె ఆపరేషన్ జరిగి అప్పటికి మూడు రోజులు. నెల్లాళ్లపాటు ఏమీ తెలియనివ్వొద్దన్నారు డాక్టరుగారు.

ఆసుపత్రిలో అమ్మకు ఫోను ఇవ్వలేదు. ఇంటికొచ్చిన రోజు అన్నయ్యా నేనూ ముఖముఖాలు చూసుకున్నాం. ఫోను మోగకపోతే అమ్మ ఊరుకోదు. వదిన కొట్టుకు వెళ్లి, మిషను ఆపి, సరిగ్గా నాలుగింటికి ఫోన్ చేసింది.

"అమ్మా, నేనే. తిన్నావా?"

అమ్మకు చెవులు కాస్త మందం, నంబరు చూసే అలవాటూ లేదు. నమ్మేసింది.

నెల గడిచింది. చెప్పడానికి ఎవరికీ నోరు రాలేదు. రెండో నెలా అంతే. "ఎప్పుడొస్తావే?" అని అమ్మ అడగడం, "సెలవు దొరకట్లేదమ్మా" అని వదిన అనడం. ఇంటికొచ్చాక మందులిస్తూ, "ఏమందత్తయ్యా మీ అమ్మాయి?" అని తనే అడిగేది. అమ్మ పూసగుచ్చినట్టు చెబుతుంటే కొత్తగా విన్నట్టు వినేది.

నాలుగో నెలలో యూనిఫారాలు వచ్చి పడ్డాయి. వదినకు ఊపిరాడని పని. ఒకరోజు ఫోనులో అమ్మ "మోకాళ్లు లాగేస్తున్నాయే" అనగానే, ఇంట్లో రోజూ అనే మాటే నోట్లోంచి జారింది.

"పొద్దున మందు రాసుకున్నారా?"

మాకు అమ్మ ఎన్నడూ 'మీరు' కాదు. వదినకు ఎన్నడూ 'నువ్వు' కాదు.

"ఏమే, అమ్మ ఎప్పట్నుంచి 'మీరు' అయింది?" అంది అమ్మ నవ్వుతూ. రోజూ ఆ మాట అడిగేదెవరో తట్టినట్టుంది. అమ్మ నవ్వు ఆగింది. నా వైపు చూసింది. ఇబ్బంది వస్తే పుస్తకంలో తల దూర్చడం నాకు అలవాటు. ఆ రోజు ఆ అలవాటే అంతా చెప్పేసింది.

"అమ్మాయ్, కొట్టు మూసి ఇంటికి రా" అంది అమ్మ ఫోనులోకి.

వదిన మెడలో టేపుతోనే వచ్చింది.

"ఎప్పుడు?"

"మీ ఆపరేషనైన మూడోరోజు."

అమ్మ చేతిలో ఫోను మంచం మీద పెట్టింది. "దానికి చెప్పుకోవాలనుకున్నవన్నీ నీకు చెప్పాను. నీ మీద చెప్పినవి కూడా."

"విన్నానత్తయ్యా. సగం నిజాలేగా."

"మీరంతా నాలుగు నెలల కిందటే ఏడ్చేశారు. నేనొక్కదాన్నే ఇప్పుడు మొదలుపెట్టాలి."

"నేనింకా ఏడవలేదత్తయ్యా" అంది వదిన. "ఏడిస్తే గొంతు పాడైపోతుందని."

అమ్మ గోడవైపు జరిగి, మంచం మీద ఆమెకు చోటిచ్చింది.